కోసేసిన ఆఖరి పేరా

నా దగ్గర రెండు కాగితాల కట్టలున్నాయి. ఒకటి పేపర్లో అచ్చయిన నా వార్తల కత్తిరింపులు, తెల్ల కాగితాల మీద మైదాతో అంటించినవి. రెండోది ఆ వార్తల్నే చేత్తో రాసి పంపినప్పుడు అడుగున మిగిలిన కార్బన్ కాపీలు. మొదటి కట్ట డబ్బు కోసం పెట్టుకున్నది. పల్లెటూరి విలేకరికి జీతం ఉండేది కాదు. నెలాఖరున అచ్చయిన వార్తల్ని స్కేలుతో కొలిచి, ఇన్ని కాలమ్ సెంటీమీటర్లని లెక్క కట్టి పంపితే లైనేజీ డబ్బు మనియార్డరులో వచ్చేది. రెండో కట్ట భయం కొద్దీ పెట్టుకున్నది. "నా మీద ఇట్టా రాస్తావంట్రా" అని ఏ పెద్దమనిషైనా కాలరు పట్టుకుంటే, నేను రాసింది ఇదీ అని చూపించడానికి.

ఇన్నేళ్ళలో ఈ రెండు కట్టల్నీ ఎప్పుడూ పక్కపక్కన పెట్టి చూడలేదు. మొన్న వానలు వెలిశాక, చెదలు పట్టాయేమోనని అటక మీంచి దించి ఎండబెడుతూ, 1992 సెప్టెంబరు నాటివి జత చేసి చదివాను. నెల్లూరు జిల్లా సారా వ్యతిరేక ఉద్యమం గురించి నేను విన్నది వేరు, రాసింది వేరు, జనం చదివింది వేరు. ఒక్కో మెట్టులో విన్నది తరుగుతూ పోయిన సంగతి నాకు ముప్పై ఏళ్ళ తర్వాత, వసారాలో కూర్చుంటే తెలిసింది.

ముందు సారా ఎట్లా వచ్చిందో చెప్పాలి. మాది మెట్ట. కలిగిరి, వింజమూరు, ఉదయగిరి వైపు భూములన్నీ వాన మీద ఆధారపడ్డవి. పొగాకు, జొన్న, చెరువు నిండిన ఏడు కాస్త వరి. కూలికి పోయే జనం ఎక్కువ. పాత రోజుల్లో సారా తాగాలంటే దుకాణం దాకా నడవాలి. అక్కడ కొలిచి గ్లాసులో పోసేవాళ్ళు. 1980ల్లో ప్రభుత్వం 'వారుణి వాహిని' అనే పథకం పెట్టి సారాను ప్లాస్టిక్ ప్యాకెట్లలో నింపి సరఫరా చేయడం మొదలుపెట్టాక ఆ నడక తప్పింది. ప్యాకెట్టు చొక్కా జేబులో పడుతుంది. సైకిలుకు తగిలించిన సంచిలో ఊరికి సరిపడా పడతాయి. కాంట్రాక్టరు మనుషులు పొలం గట్టుకే తెచ్చిచ్చేవాళ్ళు. చేతిలో డబ్బు లేకపోతే ఖాతా రాసుకుని, కూలి డబ్బులిచ్చే రోజు ఆసామి ఇంటి ముందే నిలబడి పట్టుకునేవాళ్ళు. సర్కారుకూ అది పాడిగేదె అయింది. రాష్ట్రంలో ఎక్సైజు రాబడి 1970-71లో 40 కోట్ల రూపాయల లోపు ఉంటే, 1991-92 నాటికి 800 కోట్లు దాటింది. ఏటా సారా వేలం పాటలు జరిగేటప్పుడు జిల్లా కేంద్రంలో లాడ్జిలు దొరికేవి కావు.

అట్లాంటి జిల్లాలోకి 1991లో అక్షరాస్యత ఉద్యమం వచ్చింది. అధికారులు, జన విజ్ఞాన వేదిక కార్యకర్తలు, చదువుకున్న పిల్లలు ఊరూరా తిరిగారు. కళాజాతాలు ఆడారు. పగలంతా పొలంలో ఉండే ఆడవాళ్ళు రాత్రి పూట లాంతరు ముందు పలకలు పట్టుకుని కూర్చున్నారు. వాళ్ళ వాచకంలో 'సీతమ్మ కథ' అని ఒక పాఠం ఉండేది. తాగుడు మూలాన కూలిపోయిన సంసారం కథ. పాఠం అయిపోయాక అక్షరాలు పక్కకు పోయేవి, సారా మీద మాట మొదలయ్యేది. కలిగిరి మండలం దూబగుంటలో ఆ మాట చేతల్లోకి వచ్చింది. ఆడవాళ్ళంతా కలిసి ఊళ్ళో సారా అమ్మకం ఆపించారు. ఆ సంగతినే తర్వాతి వాచకంలో 'ఆడవాళ్ళు ఏకమైతే' అనే పాఠంగా వేశారు. పక్క ఊరి ఆడవాళ్ళు దాన్ని కూడబలుక్కుని చదివి, దూబగుంటోళ్ళు చేస్తే మనం చేయలేమా అనుకున్నారు.

అంటే దూబగుంట కబురును ఊరూరికీ మోసింది ముందు వాచకం. పేపరు ఆ తర్వాత వచ్చింది. దూబగుంట దారిలో నేను బస్సులో ఎన్నిసార్లు పోయానో లెక్క లేదు. నా కత్తిరింపుల్లో ఆ ఏడాది పొగాకు వేలం ధరలున్నాయి, బస్సు బోల్తా ఉంది, మండలాధ్యక్షుల పర్యటన ఉంది, గుడి తిరునాళ్ళున్నాయి. దూబగుంట లేదు. ఆడవాళ్ళు సారా దుకాణం మూయించడం వార్త అని నాకు తట్టనే లేదు. ఊళ్ళో గొడవ అనుకున్నాను.

అది వార్త అని తట్టేసరికి మా పత్రికల తీరే మారిపోయి ఉంది. 1974 ఆగస్టు 10న విశాఖపట్నంలో ఈనాడు మొదలైంది. తెల్లారేసరికి పేపరు గడప ముందు ఉండాలి, అందులో మన ప్రాంతం కబురు ఉండాలి అన్న అలవాటును తెలుగువాళ్ళకు చేసింది ఆ పత్రికే. ఆ దారిలోనే 1980లు ముగిసేసరికి మెయిన్ పేపరు మడతలో జిల్లాకొక టాబ్లాయిడ్ రావడం మొదలైంది. ఆ చిన్న పేపరుకు రోజూ ఆకలే. దాని పేజీలు నింపడానికి ప్రతి మండలంలో నాలాంటి వాడొకడు కావాల్సి వచ్చాడు. పగలు తిరిగి, మధ్యాహ్నానికి రాసి, కవరులో పెట్టి, సాయంత్రం బస్సు డ్రైవరు చేతికిస్తే, బస్టాండులో ఆఫీసు కుర్రాడు అందుకునేవాడు. డ్రైవరు మరిచిపోతే ఆ రోజు మా మండలంలో ఏమీ జరగనట్టే.

ఆ ఆకలే సారా ఉద్యమానికి ఒక రకంగా అన్నం పెట్టింది. ఊరూరా ఆడవాళ్ళు దుకాణాలు మూయిస్తున్నారు. రోజూ కొత్త ఊరు, కొత్త పేరు. 1992లో ఈనాడు 'సారాపై సమరం' పేరుతో ఈ వార్తలకు ప్రత్యేకంగా పేజీ కేటాయించింది. మిగతా పత్రికలూ పోటీ పడ్డాయి. ఆ పోటీకి ఎంత బలం ఉండేదో నేను కళ్ళారా చూశాను. మొన్నటిదాకా వేలిముద్ర వేసిన మనిషి, టీ అంగట్లో పేపరు అడిగి తీసుకుని, పెద్ద అక్షరాల్లో ఉన్న తన ఊరి పేరును వేలు పెట్టి చదువుకునేది. "మా ఊరి పేరు రాలేదే నాయనా, మేమూ మూయించాంగా" అని పక్క ఊరామె నన్ను బస్టాండులో నిలబెట్టి అడిగింది. మర్నాడు పోయి రాసుకొచ్చాను. నెల్లూరులో సారా పాటలు జరగాల్సిన రోజుల్లో వేల మంది ఆడవాళ్ళు చేరి అడ్డుకుంటే పాటలు వాయిదా మీద వాయిదా పడ్డాయి. పేపరు లేకపోతే ఆ వేల మందికి ఒకరి ఊరు ఒకరికి అంత తొందరగా తెలిసేది కాదు. ఆ మేలు కాదనేవాడు కృతఘ్నుడు.

ఇక కార్బన్ కాపీ సంగతి.

సెప్టెంబరులో ఒక ఊరికి పోయాను. పేరు చెప్పను, అక్కడివాళ్ళు ఇంకా ఉన్నారు. ఎస్సీ కాలనీ ఆడవాళ్ళు, బీసీల ఇళ్ళ ఆడవాళ్ళు కలిపి అరవై మంది దాకా సారా దుకాణం ముందు బైఠాయించారు. నాతో ఫోటో స్టూడియో కుర్రాడొకడు వచ్చాడు. అతని కెమెరాలో ఒక పెళ్ళి తీయగా మిగిలిన పన్నెండు ఫోటోల రీలు ఉంది. ఆడవాళ్ళు నేల మీద కూర్చుని ఉన్నారు, కొందరి ఒళ్ళో పిల్లలు. అట్లా తీస్తే ఏదో వ్రతానికి కూర్చున్నట్టుంది అన్నాడు వాడు. "చీపుర్లు ఉన్నాయామ్మా? పట్టుకుని లేచి నిలబడండి" అన్నాను నేను. అవును, అన్నది నేనే. ముందు రోజు పేపర్లో మరో ఊరి ఆడవాళ్ళ చేతుల్లో చీపుర్లు, కారప్పొడి పొట్లాలు ఉన్న ఫోటో మూడు కాలాల్లో వచ్చింది. మనకూ అట్లాంటిది పడాలి కదా.

పెద్దామె ఒకామె నవ్వింది. "చీపురు ఊడ్చుకునేదానికి నాయనా. మేం అడిగేదానికి వచ్చినాం" అంది. అయినా మాట కాదనలేక లోపలికి పోయి తెచ్చుకుంది. అందరూ తెచ్చుకున్నారు. ఫోటో బాగా వచ్చింది.

వాళ్ళు అడిగినవి నేను రాసుకున్నాను. నా రాత నాకే అబద్ధం చెప్పదు కదా, కార్బన్ కాపీలో వరసగా ఉన్నాయి. ఖాతా పేరుతో మొగుళ్ళ కూలి డబ్బును కాంట్రాక్టరు మనిషి ఆసామి దగ్గరే పట్టుకోవడం ఆపాలి. పొగాకు పనిలో ఆడమనిషికీ మగమనిషికీ కూలి తేడా తీసేయాలి. రెండు రూపాయల కిలో బియ్యాన్ని మూడున్నర చేశారు, దాన్ని మళ్ళీ రెండుకు దించాలి. బోరింగు చెడిపోయి నెలలైంది, బాగు చేయాలి. "సారా జీపు రోజూ వస్తది, బోరింగు బాగుచేసే జీపు మాత్రం రాదు" అన్నది ఇంకొకామె. సారా వాళ్ళ జాబితాలో మొదటిది. మిగిలినవన్నీ దానితో ముడిపడ్డవి. సారా డబ్బు ఎక్కడి నుంచి వస్తోందో, ఎవరి చేతికి పోతోందో వాళ్ళకు మాకన్నా బాగా తెలుసు.

నేను ఏం రాశాను? అపర కాళికల్లా విజృంభించారని మొదలుపెట్టాను. చీపుర్లు రెండో వాక్యంలో. పసుపు కుంకుమలు కాపాడమని వేడుకున్నారని మూడో వాక్యం. ఆ మాట అక్కడ ఎవరూ అనలేదు. అప్పటికే అట్లా రాస్తే బాగుంటుందని మాకు చెయ్యి తిరిగిపోయింది. కూలి, బియ్యం, బోరింగు, ఖాతా అన్నీ కలిపి ఆఖరి పేరాలో పెట్టాను.

వార్త రాయడంలో మాకు నేర్పిన మొదటి పాఠం అది. ముఖ్యమైంది పైన, కాస్త తక్కువది దాని కింద, ఉన్నా పోయినా ఒకటే అనేది చిట్టచివర. రాత్రి డెస్కులో సబ్ ఎడిటరు ముందు పదిహేను మండలాల కవర్లుండేవి. చోటు చాలకపోతే కింది నుంచి కోసేవాడు. పైన ఏముందో కూడా చదవక్కర్లేదు, చివరి పేరా తీసేస్తే వార్త దెబ్బతినదు అని నమ్మకం. కత్తిరింపులో నా వార్త పసుపు కుంకుమల దగ్గర ఆగిపోయింది. పైన మూడు కాలాల్లో చీపుర్ల ఫోటో. శీర్షిక మట్టుకు నాది కాదు, కానీ నేను పెట్టినా అంతకన్నా మంచిది పెట్టేవాణ్ణి కాదు.

డెస్కులో ఉన్నవాణ్ణి నేనెప్పుడూ చూడలేదు. ఏళ్ళ తరబడి వాడి మీద కోపంగా ఉండేవాణ్ణి, నా వార్తలు కోస్తాడని. ఈ రెండు కాగితాలు పక్కపక్కన పెట్టాక ఆ కోపం నిలవలేదు. కత్తెర వేసింది వాడే. ఇక్కడ వెయ్యి అని గీత గీసి పంపింది నేను.

ఊరికొక నాలాంటివాడు అట్లాగే రాశాడు కాబట్టి, జిల్లా మొత్తానికి ఉద్యమం ముఖం ఒకటే అయింది. తాగుబోతు మొగుణ్ణి దారిలో పెట్టుకోవడానికి కొంగు బిగించిన ఇల్లాలు. పట్నంలో పేపరు చదివేవాళ్ళకు ఆ ముఖం నచ్చింది. అందులో తగాదా లేదు. ఏ ఆసామి కూలి పెంచాలో, ఏ కాంట్రాక్టరు చుట్టం ఏ పార్టీలో ఉన్నాడో ఆ ముఖం అడగదు. అప్పట్లో హైదరాబాదు నుంచి అన్వేషి మహిళా అధ్యయన కేంద్రం వాళ్ళు పల్లెల్లో తిరిగి, ఆ ఆడవాళ్ళు రాజకీయానికే కొత్త అర్థం చెబుతున్నారని 1993లో 'ఎకనమిక్ అండ్ పొలిటికల్ వీక్లీ'లో రాశారు. వాళ్ళూ మా జిల్లా పల్లెల్లోనే తిరిగారు. విన్న చెవుల్లో తేడా.

ఒక ముఖం కావాలన్న తొందరలోంచే ఒక పేరూ వచ్చింది. వర్ధినేని రోశమ్మ దూబగుంట రోశమ్మ అయింది. ఊరే ఇంటిపేరు. ఆమెకు అది తగని గౌరవమని నేననను. ధైర్యం ఉన్న మనిషి. 2016లో ఆమె పోయినప్పుడు పత్రికలన్నీ రాశాయి. కానీ ఆమె వెనక నడిచినవాళ్ళు, మిగతా ఊళ్ళలో ఆమె పేరైనా వినకముందే దుకాణం మూయించినవాళ్ళు ఫోటోల్లో చీపురు పట్టుకున్న చేతులుగానే మిగిలారు.

నెల్లూరులో పత్రికకూ ఉద్యమానికీ చుట్టరికం పాతదే. స్వాతంత్ర్యానికి ముందే పుట్టిన 'జమీన్ రైతు' వారపత్రిక పుట్టుక దాని పేరులోనే ఉంది. వెంకటగిరి జమీందారీ రైతుల గోడు పట్టుకుని నిలబడ్డ పత్రిక అది. పత్రికే రైతు పక్షాన ఉన్నప్పుడు, రైతు కోరిక వార్తకు తల అవుతుంది. మేము ఎవరి పక్షమూ కాదని అనుకునేవాళ్ళం. అట్లా అనుకోవడంలోనే మాకు తెలియని పక్షం ఒకటి ఏర్పడింది.

తెలిసిన పక్షాలూ ఉన్నాయి లెండి. అప్పుడు రాష్ట్రంలో ఉన్నది కాంగ్రెసు ప్రభుత్వం. ముఖ్యమంత్రి నేదురుమల్లి జనార్దనరెడ్డిది అప్పటి మా జిల్లాయే, వాకాడు. ముఖ్యమంత్రి సొంత జిల్లాలో ఆడవాళ్ళు తిరగబడ్డారంటే ఏ పత్రికకైనా పండగే. ఈనాడుకు తెలుగుదేశం మీద అభిమానమని టీ అంగట్లో అనుకోనివాళ్ళు లేరు. తెలుగుదేశం మద్యనిషేధాన్ని ఎత్తుకుంది. సారాను ప్యాకెట్లలో నింపిన వారుణి వాహిని పథకం ఎన్టీఆర్ ఏలుబడిలో వచ్చిందన్న సంగతి ఆ రోజుల్లో మేమెవరమూ పెద్దగా గుర్తు చేసినట్టు నా కట్టల్లో లేదు. ఆడవాళ్ళు మాత్రం గుర్తు చేశారు. "ఆ దేవుడే గదయ్యా ప్యాకెట్టు పెట్టింది" అన్న మాట నా నోటుపుస్తకంలో ఉంది. కార్బన్ కాపీలో కూడా లేదు. దాన్ని డెస్కు దాకా పోనీయకుండా నేనే ఆపాను.

ఇంకో లెక్క కూడా ఉంది. మా కన్నా ముందే తెలంగాణ పల్లెల్లో పీపుల్స్ వార్ పార్టీ సారా ఆపించింది. అక్కడా సారా వద్దన్న ఆడవాళ్ళున్నారు, అక్కడా కూలి డబ్బు దుకాణానికే పోయేది. వరంగల్ వైపు పనిచేసిన మిత్రుడొకడు తన కత్తిరింపులు ఒకసారి చూపించాడు. ఆ వార్తల్లో మాటలు వేరు. హెచ్చరిక, దాడి, దహనం, పోలీసు గాలింపు. తుపాకి నీడలో జరిగిన నిషేధానికీ, ఆడవాళ్ళు కూర్చుని సాధించినదానికీ తేడా లేదని నేననను. ఊళ్ళో మగవాళ్ళు తన్నులు తిన్న సంగతి కూడా నిజమే. కానీ ఆ వార్తల్లో సారా ఎందుకు ఆగింది అన్న ప్రశ్నే లేదు, ఎవరు ఆపారు అన్నదే ఉంది. మా దగ్గర ఎందుకు అన్నదానికి కన్నీళ్ళు జవాబైతే, వాళ్ళ దగ్గర ఎవరు అన్నదానికి పోలీసు ఎస్పీ జవాబయ్యాడు. ఒకే ప్యాకెట్టు, అప్పటికి ఒకే రాష్ట్రం. చదివినవాడి మనసులో ఒకటి వ్రతం, ఇంకొకటి నేరం.

తర్వాతి సంగతి అందరికీ తెలుసు. 1992 అక్టోబరులో ప్రైవేటు వైద్య కళాశాలల అనుమతుల గొడవలో జనార్దనరెడ్డి దిగిపోయారు, కోట్ల విజయభాస్కరరెడ్డి వచ్చారు. 1993 ఏప్రిల్ 15 నుంచి నెల్లూరు జిల్లాలో, అదే ఏడాది అక్టోబరు 1 నుంచి రాష్ట్రమంతా సారా నిషేధించారు. 1994 డిసెంబరులో ఎన్టీఆర్ మళ్ళీ ముఖ్యమంత్రిగా ప్రమాణం చేసిన రోజునే మద్యనిషేధం మీద సంతకం పెట్టారు. 1995 జనవరి 16 నుంచి అమలైంది. 1997లో చంద్రబాబు నాయుడి ప్రభుత్వం దాన్ని సడలించింది. నా కత్తిరింపుల్లో 1992 ఆఖరి నాలుగు నెలలవి బొత్తిగా పేర్చితే జానెడు ఎత్తు. 1997లో సడలింపు మీద మా మండలం ఆడవాళ్ళు ఏమన్నారన్నది ఒక్కటంటే ఒక్కటి, సింగిల్ కాలమ్, నాలుగు సెంటీమీటర్లు. వాళ్ళు మాట్లాడలేదని కాదు. నేను పోలేదు. నేను పోకపోవడానికి కారణం, పోయినా పడదని తెలియడం.

ఉద్యమం గెలిచిందని పేపర్లన్నీ రాశాయి. గెలిచింది కూడా. కానీ ఏం గెలిచిందన్నది, పేపర్లో అచ్చయిన కోరిక ఏదో దాన్ని బట్టి తేల్చారు. అచ్చయింది సారా ఒక్కటే. సారా పోయింది, కాబట్టి కథ కంచికి. కూలి తేడా పోలేదు. బోరింగు సంగతి నాకు తెలియదు, మళ్ళీ ఆ ఊరికి పోతే కదా. సారా ప్యాకెట్టు పోయి, కొన్నేళ్ళకు బెల్టు షాపులో సీసా వచ్చింది. అప్పుడు ఆడవాళ్ళు మళ్ళీ అడిగితే, "అదేంటి, మీరు అడిగింది అప్పుడే ఇచ్చారుగా" అన్నవాళ్ళను నేను విన్నాను. అట్లా అన్నవాడి తప్పేమీ లేదు. వాడు పేపరు చదివాడు.

కట్టల్ని మళ్ళీ కట్టేసే ముందు, పాత అలవాటు కొద్దీ స్కేలు తెచ్చాను. కార్బన్ కాపీలో ఆఖరి పేరా చేతిరాతలో పదకొండు లైన్లుంది. అచ్చులో అయితే ఎంత వచ్చేదో ఇన్నేళ్ళ అనుభవానికి చూడగానే తెలుస్తుంది. ఆరు సెంటీమీటర్లు. అప్పటి లైనేజీ రేటుకు ఒక టీ, రెండు బజ్జీలు.